బాసెల్ అద్రా దర్శకుడా, ఉద్యమకారుడా? సాక్ష్యం కోసం తీసిన ఫుటేజ్ సినిమాగా ఎలా నిలబడుతుంది?

మీ ప్రశ్నను క్లుప్తంగా చెప్పుకుంటే ఇది: “నో అదర్ ల్యాండ్ చూశాను. తీసినవాడు ఆ ఊరివాడే, ఆ పోరాటంలో ఉన్నవాడే. అప్పుడు దాన్ని డాక్యుమెంటరీ అనాలా, ప్రచార చిత్రం అనాలా? అంత ఫుటేజ్ ఎలా తీశారు, ఎలా దాచారు? జర్నలిజం విద్యార్థిగా మా ఊళ్లో జరుగుతున్న భూసేకరణను రికార్డు చేద్దామనుకుంటున్నాను. దీన్నుంచి ఏం నేర్చుకోవచ్చు?”

ముందు సూటిగా జవాబు చెప్తాను. అది డాక్యుమెంటరీయే. ఇజ్రాయెల్ ఆక్రమణలో ఉన్న పాలస్తీనా ప్రాంతం వెస్ట్ బ్యాంక్‌లో, తన పల్లెల కూల్చివేత మీద పాలస్తీనీ యువకుడు బాసెల్ అద్రా మరో ముగ్గురితో కలిసి తీసిన సినిమా అది. బాసెల్ దర్శకుడూ అవును, ఉద్యమకారుడూ అవును. తీసినవాడికి ఒక పక్షం ఉన్నంత మాత్రాన సినిమా ప్రచారం అయిపోదు. చూపించిన దృశ్యాన్ని ఎవరైనా వెనక్కి వెళ్లి పరీక్షించుకోగలిగితే అది నిలబడుతుంది, లేకపోతే పడిపోతుంది. ఈ సినిమాలో ఎక్కువ భాగం సినిమా కోసం తీసింది కాదు. ఇల్లు కూల్చేటప్పుడు సాక్ష్యంగా ఉంటుందని, లాయరుకి ఇవ్వచ్చని, ఆ సాయంత్రమే బయటి ప్రపంచానికి పంపచ్చని తీసింది. సినిమా దానిమీద తర్వాత పుట్టింది. ఈ వరస అర్థమైతే మీ మిగతా ప్రశ్నలకూ జవాబు దొరుకుతుంది.

కొంచెం నేపథ్యం. మసాఫర్ యట్టా అంటే వెస్ట్ బ్యాంక్ దక్షిణాన, హెబ్రాన్ కొండల్లో చిన్న చిన్న పల్లెల గుంపు. గొర్రెల మంద, కొద్దిపాటి సేద్యం, కొన్ని కుటుంబాలకు ఇప్పటికీ గుహలే ఇళ్లు. 1980ల మొదట్లో ఇజ్రాయెల్ సైన్యం ఆ ప్రాంతాన్ని ‘ఫైరింగ్ జోన్ 918’గా ప్రకటించింది, అంటే సైనిక శిక్షణ మైదానం. 1999లో సుమారు 700 మందిని ఖాళీ చేయించారు. 2000లో కోర్టు మధ్యంతర ఉత్తర్వుతో వాళ్లు వెనక్కి వచ్చారు. ఇరవై ఏళ్లకు పైగా కేసు నడిచాక, 2022 మే 4న ఇజ్రాయెల్ హైకోర్టు (అక్కడ సుప్రీంకోర్టే హైకోర్టుగా కూర్చుంటుంది) సైన్యం పక్షాన తీర్పు ఇచ్చింది. ఎనిమిది పల్లెలు, వెయ్యికి పైగా మనుషులు. బాసెల్ 1996లో అక్కడి అత్-తువానీలో పుట్టాడు. తల్లిదండ్రులిద్దరూ ఉద్యమంలో ఉన్నవాళ్లు. న్యాయశాస్త్రం చదివి, వెనక్కి వచ్చి కెమెరా పట్టుకున్నాడు. 2019లో ఇజ్రాయెలీ జర్నలిస్టు యువాల్ అబ్రహాం, సినిమాటోగ్రాఫర్ రాహెల్ సోర్ వచ్చి కలిశారు. మసాఫర్ యట్టా దగ్గరి సూసియాకి చెందిన హమ్దాన్ బల్లాల్‌తో కలిపి దర్శకులు నలుగురు. 2023 అక్టోబరు దాకా చిత్రీకరణ సాగింది. 2024 ఫిబ్రవరిలో బెర్లిన్‌లో రెండు అవార్డులు, 2025 మార్చిలో ఆస్కార్ వచ్చాయి.

ఆ 2022 తీర్పు దగ్గర కాసేపు ఆగాలి, ఫుటేజ్ విలువ అక్కడ బాగా తెలుస్తుంది. కోర్టులో అసలు వివాదం ఏమిటంటే, 1980ల ముందు నుంచే అక్కడ జనం స్థిర నివాసం ఉన్నారా, లేక కాలాన్నిబట్టి వచ్చిపోయే పశువుల కాపరులేనా? ఊరివాళ్లు తరతరాలుగా ఉన్నామన్నారు. పాత విమాన చిత్రాలు చూపించారు, గుహ నివాసాల గురించి 1980లలో అచ్చయిన పుస్తకాన్ని చూపించారు. ఆ ప్రాంతాన్ని శిక్షణ మైదానం చేయాలని అప్పటి వ్యవసాయ మంత్రి ఏరియల్ షరోన్ ప్రతిపాదించిన 1981 నాటి సమావేశపు మినిట్స్ కూడా బయటికి వచ్చాయి. కోర్టు ఒప్పుకోలేదు. స్థిర నివాసం రుజువు కాలేదంది. అంటే, తమ తాతల ఇంటి పొయ్యి, తలుపు, బడి గోడ అక్కడ ఉన్నాయని చెప్పే తేదీ ఉన్న దృశ్యం లేకపోవడం నలభై ఏళ్ల తర్వాత కూడా ఊరి మెడకు చుట్టుకుంది. బాసెల్ తరం ప్రతిదీ ఎందుకు తీస్తుందో, అతని సినిమాలో అతని చిన్నప్పటి వీడియోలు ఎందుకంత బరువు మోస్తాయో దీన్నిబట్టి అర్థం చేసుకోండి. కూల్చివేత రోజు ఒక్కటే సాక్ష్యం కాదు. కూల్చివేతకు ముందు మామూలు రోజు, వంట, పిల్లల ఆట, మేకల కొట్టం, ఇవి అంతకన్నా పెద్ద సాక్ష్యం. కొత్తగా తీసేవాళ్లు ఎక్కువగా వదిలేసేది దీన్నే. గొడవ జరిగిన రోజు పరిగెత్తుకొస్తారు, మామూలు రోజు ఎవరూ రారు.

వీడియో ఉంటే న్యాయం దొరుకుతుందా? దీనికి తేలిక జవాబు లేదు, మూడు కేసులు పక్కపక్కన పెట్టుకోవాలి.

ఒకటి, బిలిన్. ఇది రమల్లా పడమటి వైపు ఊరు. ఇజ్రాయెల్ వేర్పాటు గోడ-కంచె కట్టడంతో పంటభూమిలో దాదాపు సగం అవతల పడింది. 2005 నుంచి ప్రతి శుక్రవారం నిరసనలు. ఇమాద్ బర్నాత్ అనే రైతు, నాలుగో కొడుకు గిబ్రీల్ పుట్టినప్పుడు కొన్న కెమెరాతో అవన్నీ తీశాడు. ఒకదాని తర్వాత ఒకటి ఐదు కెమెరాలు పగిలిపోయాయి. వాటిలో ఒకదాన్లో తూటా ఇరుక్కుని అతని ప్రాణం నిలిచింది. దాన్నుంచే 2011లో ‘ఫైవ్ బ్రోకెన్ కెమెరాస్’ వచ్చింది. 2007 సెప్టెంబరులో సుప్రీంకోర్టు కంచె దారి మార్చమంది. అమలు కావడానికి 2011 దాకా పట్టింది. కొంత భూమి తిరిగొచ్చింది, కానీ ఊరి భూమిపై కట్టిన ఇజ్రాయెలీ కాలనీ భాగాన్ని కూల్చమన్న పిటిషన్ మాత్రం కొట్టేశారు.

రెండు, అదే ఊరి బాసెమ్ అబు రహ్మా. 2009 ఏప్రిల్ 17న నిరసనలో టియర్‌గ్యాస్ డబ్బా ఛాతీకి తగిలి చనిపోయాడు. ఆ క్షణాన్ని వేర్వేరు వైపుల నుంచి మూడు కెమెరాలు తీశాయి. ఆ మూడింటినీ కలిపి నిపుణులు డబ్బా వచ్చిన కోణాన్ని లెక్కగట్టారు. నేరుగా గురిపెట్టి కాల్చారని తేల్చారు. అయినా 2013లో సైనిక న్యాయాధికారులు సాక్ష్యం చాలదని దర్యాప్తు మూసేశారు, 2018లో హైకోర్టూ దాన్ని సమర్థించింది.

మూడు, హెబ్రాన్, 2016 మార్చి 24. నేలమీద గాయపడి కదలకుండా పడి ఉన్న పాలస్తీనీ యువకుణ్ణి ఒక సైనికుడు తలలో కాల్చాడు. చెప్పులు కుట్టి బతికే ఇమాద్ అబు షంసియా దాన్ని తీశాడు. ఆ సైనికుడికి నరహత్య కింద శిక్ష పడింది. 18 నెలలు, తర్వాత 14కి తగ్గింది, చివరికి జైల్లో ఉన్నది 9 నెలలు. వీడియో లేకపోతే ఆ కేసే లేదు.

ఈ మూడో క్లిప్ ఎందుకు పనిచేసింది, రెండోది ఎందుకు పనిచేయలేదు అంటే పూర్తిగా కెమెరా పనితనం మీద వేయలేం, వ్యవస్థ ఇష్టం అందులో పెద్దది. కానీ హెబ్రాన్ క్లిప్‌లో కాల్పులకు ముందు పరిస్థితి ఉంది. పడి ఉన్నవాడు ఎవరికీ ప్రమాదం కాదని, చుట్టూ సైనికులు తీరిగ్గా తిరుగుతున్నారని, అంబులెన్స్ వాళ్లు ఉన్నారని, అన్నీ ఒకే కట్ లేని షాట్‌లో కనిపిస్తాయి. ఆ ముందరి భాగమే కేసుని మోసింది. ఇప్పుడు చిత్రీకరణ సంగతికి వద్దాం.

ఘటనకు ముందే ఆన్ చేయండి, తర్వాత కూడా ఆపకండి. అవతలివాళ్ల మొదటి ప్రశ్న ఎప్పుడూ “అంతకుముందు ఏం జరిగింది?” అనే. దెబ్బ పడుతున్న చోట మొదలయ్యే క్లిప్ ఆ ప్రశ్నకు నోరెత్తలేదు. బుల్‌డోజర్ దూరాన దుమ్ము లేపుతూ కనిపించగానే ఆన్ చేయాలి. వాళ్లు వెళ్లిపోయాక, కూలిన ఇంటి చుట్టూ మెల్లగా ఒక చుట్టు తిరిగి తీసి అప్పుడు ఆపాలి. దీనికి నిల్వ లెక్క ముందే వేసుకోండి. ఫోన్‌లో 1080పీ, సెకనుకు 30 ఫ్రేముల్లో నిమిషానికి 60 నుంచి 130 ఎంబీ దాకా పడుతుంది, కంప్రెషన్‌ని బట్టి. 4కె అయితే 170 నుంచి 350. అంటే 64 జీబీ ఖాళీ ఉంటే 1080పీలో కనీసం 8 గంటలు, 4కెలో ఎక్కువ బరువు లెక్కన 3 గంటలు. ఎదురుగా ఎంతసేపు నిలబడాలో తెలియని రోజు 1080పీ మేలు. మసాఫర్ యట్టాలో చాలా పల్లెలకు గ్రిడ్ కరెంటు లేదు, సోలార్, జనరేటర్ల మీదే బతుకు, వాటినీ పట్టుకుపోతుంటారు. 2021 జనవరి 1న హారూన్ అబు అరామ్‌ని మెడమీద కాల్చింది జనరేటర్ గురించిన పెనుగులాటలోనే. అతను పక్షవాతంతో రెండేళ్లు గుహలో పడుకుని 2023 ఫిబ్రవరిలో చనిపోయాడు. కాబట్టి అలాంటి చోట చార్జింగ్ అన్నది చిన్న విషయం కాదు. 20,000 ఎంఏహెచ్ పవర్‌బ్యాంకు ఫోన్‌ని మూడు, నాలుగుసార్లు నింపుతుంది. ఒక రోజుకు అదే హద్దు అనుకోండి.

చోటు తెలియాలి. అన్ని కొండలూ ఒకేలా ఉంటాయి. మొదటి పది సెకన్లు వైడ్ షాట్, మసీదు మినారో నీళ్ల ట్యాంకో కరెంటు స్తంభమో కొండ ఆకారమో కలిసొచ్చేలా పట్టండి. తర్వాత ఎవరైనా శాటిలైట్ చిత్రంతో పోల్చి అదే చోటని నిర్ధారించగలరు. నీడ పొడవు సమయాన్నీ పట్టిస్తుంది. షాట్ మొదట్లోనే తేదీ, సమయం, ఊరి పేరు నోటితో చెప్పండి. ఆ తర్వాత వీలైనంత మౌనంగా ఉండండి. మైకు మీ నోటికి దగ్గర, మీరు అరిస్తే అధికారి అన్న మాట మునిగిపోతుంది. ఆ మాటే మీకు కావలసింది. బాసెల్ తన షాట్లలో ఆయాసపడుతూ, “నేను నిన్ను తీస్తున్నాను” అని అరుస్తూ వినిపిస్తాడు కదా అంటారేమో. నిజమే. అది కొంత రక్షణ కోసం, ఎదుటివాడు చెయ్యి వెనక్కి తీసుకునేలా. ఇదెప్పుడు అవసరమో అక్కడ ఉన్న మనిషికే తెలుస్తుంది. మామూలు సూత్రం మాత్రం మౌనమే.

జూమ్ వద్దు, నడిచి వెళ్లండి. ఫోన్ జూమ్ ముఖాన్ని దగ్గరికి తేదు, పిక్సెల్స్‌ని పెద్దవి చేస్తుంది. వైడ్ అయ్యాక విడిగా తీయాల్సినవి: వాహనం నంబరు, భుజం మీది గుర్తులు, బుల్‌డోజర్ తయారీ పేరు, కూల్చివేత నోటీసు. నోటీసును పేజీకి మూడు సెకన్లు కదలకుండా, వెలుతురు వెనక నుంచి పడకుండా పట్టండి. ప్రతి షాట్‌నీ కనీసం పది అంకెలు లెక్కపెట్టేదాకా ఆపండి. మూడు సెకన్ల ముక్కలతో ఎడిటర్ ఏమీ చేయలేడు.

వెస్ట్ బ్యాంక్‌లో వాహనం నంబరు ప్లేటే కథ చెప్తుంది. ఇజ్రాయెలీల ప్లేటు పసుపు, పాలస్తీనీలది తెలుపు మీద ఆకుపచ్చ. సినిమాలో యువాల్ ఏ చెక్‌పోస్టూ ఆపకుండా ఇంటికి వెళ్లిపోతాడు, బాసెల్ వెళ్లలేడు. వాళ్లిద్దరి ఇళ్లకీ మధ్య అరగంట దూరం. ఒకరికి సాధారణ పౌర చట్టం, ఇంకొకరికి సైనిక చట్టం. ఇంత పెద్ద సంగతిని సినిమా ఉపన్యాసంలా కాక కారు ప్రయాణాలతో, రాత్రి మాటలతో చెప్తుంది. అలా చెప్పగలగడానికి ఆ చిన్న వివరాలు ముందే తీసి ఉండాలి.

ఒక సాంకేతిక గుంట. ఫోన్లు సెకనుకు ఫ్రేముల సంఖ్యను వెలుతురును బట్టి మార్చేసుకుంటుంటాయి. బయట రికార్డరులో తీసిన శబ్దంతో కలిపితే కొంతసేపటికి పెదవుల కదలికకీ మాటకీ తేడా వచ్చేస్తుంది. స్థిరమైన ఫ్రేము రేటు పట్టి ఉంచే కెమెరా యాప్ వాడండి. కుదరకపోతే ఎడిటింగ్‌కి ముందు స్థిర రేటుకు మార్చిన కాపీ తయారు చేసుకోండి, అసలు ఫైలు మాత్రం ముట్టుకోకండి. మన దగ్గరా పాలస్తీనాలోనూ కరెంటు 50 హెర్ట్జ్, కాబట్టి ట్యూబ్‌లైట్ల కింద 25 ఫ్రేముల్లో తీస్తే మినుకుమినుకు తగ్గుతుంది.

వీలైతే రెండో మనిషి, రెండో కెమెరా. ముప్పై, యాభై మీటర్ల దూరంలో, ఎత్తు మీద, వైడ్. దాని పని మొదటి కెమెరా పట్టుకున్నవాడికి ఏం జరుగుతుందో చూడటం. గ్యాస్ డబ్బాలు పేల్చే చోట గాలి మీ వైపు వీచే పక్కన నిలబడకండి, తుపాకీకీ జనానికీ మధ్య గీతలో అసలు నిలబడకండి. ప్రెస్ జాకెట్ ఉంటే చాలనుకోవద్దు. 2018 ఏప్రిల్‌లో గాజాలో యాసర్ ముర్తజా, 2022 మే 11న జెనిన్‌లో షిరీన్ అబు అక్లే, ఈ జర్నలిస్టులిద్దరూ ప్రెస్ అని రాసి ఉన్న జాకెట్‌తోనే చనిపోయారు.

దాచడం, తీయడం కన్నా కష్టమైన సగం. పాలస్తీనా సినిమాకి ఇది పాత గాయం. 1968లో అమ్మాన్‌లో ముస్తఫా అబు అలీ, హానీ జవహరియా, సులాఫా జాదల్లా మొదలుపెట్టిన పాలస్తీనా ఫిల్మ్ యూనిట్ విప్లవోద్యమాన్ని ఏళ్ల తరబడి చిత్రించింది. జవహరియా 1976లో లెబనాన్‌లో కెమెరాతో ఉండగానే చనిపోయాడు. బీరూట్‌లో దాచిన ఆ ఆర్కైవ్ 1982 ముట్టడి తర్వాత మాయమైంది. మిగిలిన ప్రింట్లను దేశదేశాల్లో వెతికి పోగేయడానికి ఆ తరంవాళ్లు దశాబ్దాలు ఖర్చు పెట్టారు. అన్నీ ఒక్కచోటే దాస్తే ఏమవుతుందో అదొక్కటే చెప్పేస్తుంది. నో అదర్ ల్యాండ్ తీస్తున్న కాలంలో కూడా సైనికులు బాసెల్ ఇంట్లోకి వచ్చి కంప్యూటర్లు, కెమెరాలు పట్టుకెళ్లారు.

కాబట్టి ఈ పద్ధతి: మూడు కాపీలు, రెండు రకాల చోట్ల, అందులో ఒకటి ఊరికి బయట. ఆ రాత్రే కార్డు నుంచి రెండు హార్డ్‌డిస్కులకు ఎక్కించండి. ఎక్కించాక కార్డు వెంటనే ఫార్మాట్ చేయకండి, మూడో కాపీ సురక్షిత చోటుకు చేరాకే. ఫైలు పేరు మార్చవద్దు, ఫోల్డర్‌కి పేరు పెట్టండి: సంవత్సరం-నెల-తేదీ, ఊరు, కెమెరా అక్షరం. ప్రతి ఫైలుకీ ఎస్‌హెచ్‌ఏ-256 హాష్ తీసి ఒక టెక్స్ట్ ఫైలులో పెట్టండి. హాష్ అంటే ఫైలు లోపలి ప్రతి బిట్ నుంచి పుట్టే ఒక పొడుగాటి అంకెల-అక్షరాల వరస. ఒక్క ఫ్రేము మారినా ఇదీ మారిపోతుంది. రేపు ఎవరైనా “ఇది మార్ఫింగ్” అంటే మొదటి జవాబు అదే. డిస్కుకి పాస్‌వర్డుతో ఎన్‌క్రిప్షన్, ఫోన్‌కి వేలిముద్ర కాదు, పొడుగాటి పిన్ పెట్టండి.

అందరూ చేసే తప్పొకటి: ఫైలుని వాట్సాప్‌లో వీడియోగా పంపి ఫోన్లోంచి తీసేయడం. వాట్సాప్ దాన్ని నలిపి చిన్నది చేస్తుంది, తీసిన సమయం, స్థలం సమాచారం పోతుంది. మిగిలేది ఫార్వర్డ్ మాత్రమే. పంపక తప్పకపోతే డాక్యుమెంట్‌గా పంపండి, అసలు ఫైలు ఉంచుకోండి. తీసేటప్పుడే సమయం, స్థలం, హాష్ ముద్ర వేసే ఉచిత యాప్‌లున్నాయి, ప్రూఫ్‌మోడ్, ఐవిట్‌నెస్ లాంటివి. ఇజ్రాయెలీ మానవ హక్కుల సంస్థ బెత్సెలెమ్ 2007 నుంచి వెస్ట్ బ్యాంక్ ఇళ్లలో కెమెరాలు పంచినప్పుడు కెమెరాతో పాటు శిక్షణ కూడా ఇచ్చింది. ఫుటేజ్ వెనక్కి వచ్చే దారిని కూడా ముందే ఏర్పాటు చేసుకుంది. అందుకే ఆ పథకం నిలిచింది. కెమెరాలు పంచి వదిలేసిన పథకాల్లో డ్రాయర్లలో కార్డులే మిగులుతాయి.

లాగింగ్, అంటే ఏ క్లిప్‌లో ఏముందో పట్టికగా రాసుకోవడం. దీన్ని తక్కువ అంచనా వేయకండి. బర్నాత్ దగ్గర 500 గంటలకు పైగా ఫుటేజ్ పోగయింది. రోజుకి 8 గంటలు కూర్చుంటే ఒక్కసారి చూడటానికే రెండు నెలలు దాటుతుంది. రాసుకుంటూ చూస్తే దానికి రెండు, మూడు రెట్లు. మినీ డీవీ (టేపు కెమెరా ఫార్మాట్) లెక్కన గంటకు 13 జీబీ, అంటే 500 గంటలకు 6.5 టీబీ. చివరికి తెరమీదకొచ్చింది గంటన్నర. పట్టికలో ఈ గడులు చాలు: ఫోల్డర్, క్లిప్, తేదీ, చోటు, ఎవరున్నారు, ఏం జరిగింది, ఎవరి అనుమతి ఉంది, ఎవరి ముఖానికి ప్రమాదం. చివరి గడి ఎప్పుడూ ఖాళీగా వదలొద్దు. ఇంకోమాట, పట్టికని ఫుటేజ్ ఉన్న డిస్కులోనే ఉంచకండి. డిస్కు పట్టుబడితే ప్రమాదంలో ఉన్నవాళ్ల జాబితాను మీరే చేతికిచ్చినట్టవుతుంది.

ఎడిటింగ్‌లో ఉద్యమం ఎక్కడ సినిమాని పాడుచేస్తుంది? మీ అసలు అనుమానం ఇదే కదా. బర్నాత్ ఫుటేజ్ చాలా ఏళ్లపాటు నిరసనల రికార్డుగానే ఉంది. 2009లో ఇజ్రాయెలీ దర్శకుడు గయ్ డవిడీ చేరాక ఒక షాట్ ఆయన కంటబడింది. ఒక ముసలాయన సైనిక జీపు మీదకి ఎక్కి దాన్ని కదలనివ్వకుండా అడ్డం పడుతున్నాడు. ఎవరని అడిగితే బర్నాత్, “మా నాన్న, మా తమ్ముణ్ణి తీసుకెళ్తుంటే అడ్డుకుంటున్నాడు” అన్నాడు. అక్కడి నుంచి సినిమా ఉద్యమ చరిత్ర కాకుండా ఒక కుటుంబం కథగా మారింది. గిబ్రీల్ పెరగడమే కాలాన్ని కొలిచే కొలతైంది. బర్నాత్ తన ఇంటి సంగతులు తెరమీద పెట్టడానికి మొదట వెనకాడాడు. అది సహజం. ఊరి పోరాటంలో నా ఇల్లేమిటి అని ఎవరికైనా అనిపిస్తుంది. కానీ ఊరేగింపు షాట్లు పది చూశాక పదకొండోది ప్రేక్షకుడి కంటికి ఆనదు. ఒకే పిల్లవాడు ప్రతి కెమెరా పగిలేసరికి ఒక ఏడాది పెద్దవాడవుతుంటే మాత్రం చూపు తిప్పుకోలేరు.

నో అదర్ ల్యాండ్‌లో ఇంకో ఏర్పాటు చూడండి. బాసెల్ కెమెరా పరిగెత్తుతుంది, వణుకుతుంది, పడుతుంది. రాహెల్ సోర్ కెమెరా నిలకడగా, దూరంగా, ఓపిగ్గా ఉంటుంది. రెండూ మారి మారి వస్తుంటే సాక్ష్యమూ, ఊపిరి పీల్చుకునే జాగా రెండూ దొరుకుతాయి. ఒక్క బాసెల్ షాట్లతోనే 95 నిమిషాలు నడిపితే ప్రేక్షకుడు మొద్దుబారిపోతాడు. ఆ సినిమాలో నాకు అన్నిటికన్నా తెలివైన ముక్క 2009 నాటి బ్రిటన్ మాజీ ప్రధాని టోనీ బ్లెయిర్ సందర్శన. ఆయన ఊళ్లో ఏడు నిమిషాలు నడిచాడు. బడినీ, ఆయన నడిచిన వీధిలోని ఇళ్లనీ కూల్చే ఉత్తర్వులు ఆగిపోయాయి. పగలు ఆడవాళ్లూ పిల్లలూ, రాత్రి మగవాళ్లూ కట్టుకున్న బడి అది. పాత ఫుటేజ్ పక్కన ఇలా ఒక్క వాక్యం పెట్టి ఆగిపోవడానికి ఎంత నిగ్రహం కావాలో ఎడిటింగ్ టేబుల్ ముందు కూర్చున్నవాళ్లకి తెలుస్తుంది.

పాడుచేసేవి ఏమిటంటే: ఏడుపు మీద వాయిద్యం పరచడం, దెబ్బను స్లో మోషన్‌లో చూపడం, వేర్వేరు రోజుల షాట్లను ఒకే ఘటనలా అతికించడం, మన వైపు రాళ్లు వేసిన క్షణాన్ని కత్తిరించేయడం. మూడోది అన్నిటికన్నా ప్రమాదం. ఒక్క అతుకు బయటపడితే మిగతా 90 నిమిషాలూ అబద్ధమంటారు. రాయి వేసిన షాట్ ఉంటే ఉంచండి, దాని ముందూ వెనకా కూడా ఉంచండి. ఆయుధబలం ఎవరి దగ్గర ఉందో చూసేవాడికి మీరు చెప్పక్కర్లేదు.

ఇళ్ల నిర్మాణ అనుమతుల లెక్కల్లోనూ ఇలాంటి నిజాయితీ ఉంచుకోండి. వెస్ట్ బ్యాంక్‌లో 60 శాతం దాకా ఉన్న, పూర్తిగా ఇజ్రాయెల్ అదుపులోని ఏరియా సీలో పాలస్తీనీల ఇంటి అనుమతి దరఖాస్తులు నూటికి రెండో మూడో మాత్రమే ఆమోదం పొందాయి. “అనుమతి లేకుండా కట్టారు” అన్న వాదనకి అదే జవాబు. ఇలాంటి సంగతి వాయిస్ ఓవర్‌లో ఒక్క వాక్యంగా చాలు.

తీయబడినవాళ్ల ప్రమాదం. సినిమా వచ్చాక మీరు వేదిక మీద ఉంటారు, వాళ్లు ఊళ్లో ఉంటారు. ఆస్కార్ వచ్చిన మూడు వారాలకి, 2025 మార్చి 24న, హమ్దాన్ బల్లాల్‌ని అతని ఇంటి దగ్గరే సెట్లర్లు (వెస్ట్ బ్యాంక్ కాలనీల్లో ఉండే ఇజ్రాయెలీలు) కొట్టారు, సైన్యం పట్టుకెళ్లి మర్నాడు వదిలింది. సినిమాకి సాయపడిన ఉమ్ అల్-ఖైర్ టీచరు అవ్దా హతలీన్ అదే ఏడాది జులై 28న సెట్లర్ కాల్పుల్లో చనిపోయాడు. అంతకుముందు, 2013లో ఆస్కార్ నామినేషన్‌తో భార్యాపిల్లలతో లాస్ ఏంజెలెస్‌లో దిగిన బర్నాత్‌ని విమానాశ్రయంలో ఆపి, ఆహ్వానం నిజమేనా అని ప్రశ్నించారు. పేరు రక్షిస్తుందనుకోవడం పొరపాటు.

మీరు తీసిన రషెస్, అంటే ఎడిట్ చేయని ముడి ఫుటేజ్, అవతలి వాళ్ల చేతికి చిక్కితే అవే అరెస్టులకు ఫొటో ఆల్బమ్ అవుతాయి. అందుకని అనుమతి ఒక్కసారి తీసుకుని వదిలేయకూడదు. తీసేటప్పుడు ఒకసారి, ఎడిట్ చూపించి ఇంకోసారి, విడుదలకు ముందు మరోసారి అడగాలి. వద్దంటే తీసేయాలి. పిల్లల విషయంలో తల్లిదండ్రులు ఒప్పుకున్నా ముఖం బ్లర్ చేయాలా అని మీరే ఆలోచించాలి. బ్లర్ పలచగా వేయకండి, పెద్ద గడులతో వేసి ఆ ముక్కని ఎగుమతి చేయండి. మామూలు బ్లర్‌ని వెనక్కి తిప్పే పరికరాలు ఇప్పుడున్నాయి. గొంతు కూడా ముఖమే, మర్చిపోకండి.

డబ్బు, పంపిణీ గురించి రెండు మాటలు. ఈ రెండు సినిమాల మీదా వచ్చిన విమర్శ ఒకటే దారిలోది. ఇజ్రాయెలీలతో కలిసి తీయడం ఎంతవరకు సరి అన్నది. బర్నాత్ సినిమాకి ఇజ్రాయెలీ నిధులూ ఉండటంతో ఇది ఇజ్రాయెల్ సినిమా అని కొందరు చెప్పుకున్నప్పుడు, ఇది పాలస్తీనా సినిమా అని ఆయన గట్టిగా నిలబడ్డాడు. నో అదర్ ల్యాండ్‌ని ఇజ్రాయెల్‌ని బహిష్కరించాలనే పాలస్తీనా ఉద్యమంవాళ్లే తమ నియమాలకు విరుద్ధమన్నారు. మరోవైపు ఇజ్రాయెల్ సంస్కృతి మంత్రి థియేటర్లు దాన్ని వేయవద్దన్నాడు. అమెరికాలో పెద్ద పంపిణీదారు ఎవరూ ముందుకు రాకపోతే సొంతంగా థియేటర్లలో వేసుకున్నారు. ఎవరి డబ్బు తీసుకుంటారో మొదటి రోజే రాసిపెట్టుకోండి. తుది ఎడిట్ హక్కు, అసలు ఫుటేజ్ యాజమాన్యం ఎవరిదో ఒప్పందంలో విడివిడిగా ఉండాలి. ఇవి రెండు వేరు హక్కులు. ఫుటేజ్ ఊరిదిగా ఉంచడం మేలని నా అభిప్రాయం.

ఇక మీ ఊరి సంగతి. మీ పరిస్థితి ఆక్రమణలో బతికేవాళ్ల పరిస్థితి కాదు, ఆ పోలిక తెచ్చి మీ కథని బరువెక్కించుకోవద్దు. పద్ధతి మాత్రం తీసుకోవచ్చు. జేసీబీ వచ్చే రోజు కోసం ఆగకుండా ఇప్పుడే పంట, బావి, గట్టు, గుడి, శ్మశానం తేదీతో తీసిపెట్టండి. గ్రామసభ జరిగితే మొదటి నుంచి చివరిదాకా కట్ లేకుండా, రిజిస్టరులో సంతకాల పేజీ సహా తీయండి.

వీడియోని మన కోర్టులో పెట్టాలంటే, 2024 జులై 1 నుంచి అమల్లో ఉన్న భారతీయ సాక్ష్య అధినియమంలోని సెక్షన్ 63 కింద సర్టిఫికెట్ కావాలి, అంతకుముందు 65బీ అనేవాళ్లం. దాన్లో రెండు భాగాలు. ఏ భాగం పరికరం వాడిన మనిషి నింపేది, బీ భాగం నిపుణుడు. పరికరం వివరాలతో పాటు ఫైలు హాష్ విలువ అందులో రాయాలి. అందుకే పైన హాష్ గురించి అంత చెప్పాను. అది మొదటి రోజే తీసి ఉంటే ఈ కాగితం గంటలో నిండుతుంది, ఫోన్ మార్చేశాక గుర్తొస్తే చాలా తంటా. సినిమాగా చేసి జనం ముందు థియేటర్లో వేస్తే సెన్సార్ సర్టిఫికెట్ కావాలి, దానికి నెలలు పట్టవచ్చని ముందే లెక్కలో పెట్టుకోండి.

ఏ ఫోన్ వాడుతున్నారో, ఎంత స్టోరేజ్ ఉందో కింద రాస్తే సెట్టింగ్స్ వరకు చెప్పగలను.